నీళ్ళలో కలిపిన పదిహేడు ఆకులు

షువైఖ్, కువైట్
14 నవంబరు 1982

బషీరా ఆపాకు తమ్ముడు ఖాజా హుస్సేన్ సలాం చేసి రాయునది.

ఇక్కడ నేను క్షేమం. సెలవుకు ఊరొచ్చి తిరిగొచ్చిన మాబు చేత నువ్వు పంపిన ఉసిరికాయ ఊరగాయ మూడు రోజుల్లో ఖాళీ. సగం తిమ్మన్నే తిన్నాడు. "మీ అక్క చేతిలో ఏముండాదో అబ్బీ, వాసనకే మన ఊరు అగపడతాంది" అంటూ జాడీ కూడా తుడిచి పెట్టాడు. షాపు ఊడ్చే పని కదా, తుడవడంలో అతన్ని మించినవాడు లేడు.

తిమ్మన్న జాబు ఇందులోనే పెడుతున్నాను. ఎప్పటిలాగే అతను చెబుతుంటే నేను రాశాను. ఎప్పటిలాగే నువ్వు రెడ్డెమ్మను పిలిచి చదివి వినిపించు. మొగుడికీ పెళ్ళానికీ ఇద్దరికీ అక్షరం రాకపోవడం వల్ల వాళ్ళ సంసారం గుట్టంతా మన అక్కాతమ్ముళ్ళ చేతిలో పడింది.

ఈమధ్య మా బైండింగు షాపుకు ఒక విచిత్రమైన పుస్తకం వచ్చింది. తెచ్చినాయన రజబ్ ఉస్తాద్ అని డెబ్బై దాటిన పెద్దమనిషి. ఇక్కడి బడిలో లెక్కలు చెప్పి రిటైరయ్యాడు. అరబ్బు కాదు. అల్బేనియా అని యూరప్‌లో చిన్న దేశమట. యుద్ధం తర్వాత పారిపోయి డమాస్కస్ చేరి, అక్కణ్ణించి ఇక్కడికి వచ్చాడు. ఆ దేశంలో మసీదులూ చర్చీలూ అన్నీ ప్రభుత్వం మూసేసి పదిహేనేళ్ళయిందట. ఇంట్లో మతం పుస్తకం దొరికితే జైలేనట. ఈ పుస్తకం వాళ్ళ తాత చేత్తో రాసింది. మన మౌలూదులాగా ప్రవక్త పుట్టుక గురించిన పాట అన్నాడు. పారిపోయేటప్పుడు బట్టలు వదిలేసి దీన్ని కడుపుకు కట్టుకుని తెచ్చాడట. "భార్యను కూడా ఇంత భద్రంగా తేలేదు" అని నవ్వాడు పెద్దాయన.

పాత అట్ట విప్పితే వెనక పదిహేడు ఆకులు కుట్టులో లేకుండా విడిగా ఉన్నాయి. పురుగు తిన్నవి, ముట్టుకుంటే పొడి రాలేవి. అట్ట గట్టిపడడానికి పాతకాలం బైండర్లు చిరుగు కాగితాలు కూరేవారని అబ్బా చెప్పేవారు కదా. అవే అనుకున్నాను. మొదటి ఆకు మీద బిస్మిల్లా ఉంది. అల్లా పేరున్న కాగితం కాళ్ళ కింద పడితే ఎంత పాపం. అందుకని అబ్బా నేర్పినట్టే కొత్త తెల్లగుడ్డలో మూటగట్టి, బరువుకు రాయి పెట్టి, మొన్న శుక్రవారం నమాజయ్యాక సముద్రంలో వదిలి ఠండా చేశాను. మన దర్గా బావిలో అబ్బా పాత ఖురాను కాగితాలు వదిలినట్టే. రాయి వెతికి తెచ్చింది తిమ్మన్న. చెప్పులు విడిచి నా పక్కనే చేతులు కట్టుకుని నిలబడ్డాడు.

అబ్బా ఉంటే సంతోషించేవారు. నువ్వయినా సంతోషించు.

నీ తమ్ముడు
ఖాజా


రాయచోటి
6 డిసెంబరు 1982

చిరంజీవి ఖాజాకు ఆపా దువా.

నీ జాబు చదివి నిజంగానే సంతోషించాను. నా దగ్గర అరబ్బీ చదివే పిల్లలందరికీ చెప్పాను. "చూశారా, సముద్రాలు దాటి వెళ్ళినా మా తమ్ముడు అక్షరానికి అదబూ మర్యాదా మరవలేదు" అన్నాను. సుల్తాన్‌బీ మనవరాలు, ఆరేళ్ళది, "సముద్రంలో ఉప్పుకు కాగితం ఉప్పగా అయిపోదా" అని అడిగింది.

రెడ్డెమ్మ వచ్చి విన్నది. ఆమె వినే తీరు నీకు తెలియదు. నా ఎదురుగా గొంతుక్కూచుని కాగితం వంక రెప్పవేయకుండా చూస్తుంది. చదవడం అయ్యాక జాబు అడిగి తీసుకుని, వాసన చూసి, రవికెలో పెట్టుకుని పోతుంది. "మీ తమ్ముడి రాత వరసగా చీమలు పోయినట్టుంటాది బషీరక్కా" అంటుంది.

తిమ్మయ్య మనకంటే పెద్దవాడు. పని కుదిర్చి నిన్ను అక్కడికి పిలిపించినవాడు. ఊరగాయ సగం కాదు, మొత్తం పెట్టినా తక్కువే.

ఆ ముసలాయనకు పుస్తకం బాగా కట్టియ్యి.

ఆపా


షువైఖ్
20 జనవరి 1983

ఆపాకు సలాం.

పని చాలా ఎక్కువగా ఉంది, అందుకే జాబు ఆలస్యం. పుస్తకం ఇచ్చేశాం. తిమ్మన్నను మా షాపు యజమాని, మాకు వీసా ఇచ్చిన కఫీల్, అబూ నాసర్ సులైబియాలో ఉన్న తన గోదాముకు మార్చాడు. మంచి పనే. గాలీ వెలుతురూ ఉంటాయి. వెళ్ళేముందు అతను చెప్పిన జాబు రాసి ఇందులో పెట్టాను, చదివి వినిపించు.

ఆ ఆకులు ఠండా చేసిన సంగతి పిల్లలకు మళ్ళీ చెప్పకు. మంచిపని చెప్పుకుంటే పుణ్యం పోతుంది అంటారు.

చలి ఎక్కువగా ఉంది. ఇంకేం లేవు.

ఖాజా


రాయచోటి
3 మార్చి 1983

ఖాజాకు,

నిన్న తిమ్మయ్య దగ్గరనుంచి జాబు వచ్చింది. నీ చేతిరాత కాదు. సులైబియాలో రామాంజులు అని ఎవరో రాసిపెట్టాడు. కాగితానికి రెండు పక్కలా రాశాడు. రాత కొత్తది కదా అని రెడ్డెమ్మను పిలవకముందే ఒకసారి చదువుకున్నాను. మొదటి పక్కంతా క్షేమసమాచారాలు. రెండో పక్క ఆమె రాకముందే ఉన్నది ఉన్నట్టు ఎత్తి రాసి పెట్టుకున్నాను, అదే ఇది.

"రెడ్డీ, నన్ను ఈడికి తోలేసినారు. ఆ ముసిలాయన పుస్తకంలో కాయితాలు నేను చెత్తలో పారేసినానంట. దేవుని కాయితాలు పారేసినోడు అని అందురూ నన్ను వేరేగా చూస్తాండారు. నేను పారెయ్యలేదు. ఎవురు తీసినారో నాకు తెల్సు, చెప్పను. ఆయప్ప దేవుని పని అనుకోనే చేసినాడు. రాయి తెచ్చిచ్చింది గూడా నేనే. ఈడ సిమెంటు మూటలు ఎత్తేది. నడుము వంగితే లేయదు. మే నెలకు ఈడ ఉండేదానికిచ్చిన ఇఖామా అయిపోతాది, మళ్ళా కొట్టీయను ఇంటికి పో అన్నాడు కఫీలు. ఆ పేరుతో ఊరికి వచ్చేది నాకిష్టం లేదు. బషీరక్కా, ఇది చదివేది నువ్వే గదా. నీకు తెలీకుండా నా పెండ్లానికి చెప్పుకునే దోవ నాకు లేదు. ఏమనుకోవద్దు."

చదివావా ఖాజా? మళ్ళీ చదువు. 'ఏమనుకోవద్దు' అని నన్ను అడుగుతున్నాడు ఆ మనిషి.

సాయంత్రం రెడ్డెమ్మ వచ్చి ఎదురుగా కూచుంది. నేను మొదటి పక్క చదివాను. చివర 'ఇంతే సంగతులు, ఇట్లు తిమ్మయ్య' అని నోటికొచ్చింది చెప్పి మడిచేశాను. నా నాలుక మీద ఖురాను పలుకుతుంది. అదే నాలుకతో అబద్ధం చదివాను. నీకోసం. ఆమె ఎప్పట్లాగే జాబు తీసుకుని రవికెలో పెట్టుకుని పోయింది. ఇంకెవరి దగ్గరా చదివించుకోదు కదా అని ఆమె పోయాక ధైర్యం తెచ్చుకున్నాను. అలాంటి ధైర్యం తెచ్చుకున్నందుకు నాకు సిగ్గుగా ఉంది.

జనవరిలో నువ్వు 'మంచి పని, గాలీ వెలుతురూ' అన్నావు. తిమ్మయ్య పేరుతో వచ్చిన జాబులోనూ అవే మాటలు. అతను చెప్పినవా, నువ్వు రాసినవా?

ఆపా


షువైఖ్
24 మార్చి 1983

ఆపా,

నేను రాసినవే. అతను చెప్పింది ఒకటి, నేను రాసింది ఒకటి. రాయడం అయ్యాక చదివి వినిపించమన్నాడు. అతను చెప్పినట్టే చదివి వినిపించాను. కాగితం మీద లేనిదంతా చదివాను. బాగుంది అన్నాడు. నీకు అబద్ధం చదవడం నానుంచే వచ్చిందేమో.

జరిగింది చెబుతాను. డిసెంబరులో రజబ్ ఉస్తాద్ పుస్తకం తీసుకోవడానికి వచ్చాడు. ఎర్రతోలు అట్ట చూసి మురిసిపోయాడు. తర్వాత చివరికి తిప్పాడు. ఇంకోసారి తిప్పాడు. "ఆఖరి ఆకులేవి?" అన్నాడు. అబూ నాసర్ నావైపు చూశాడు. "ఇంతే వచ్చింది" అన్నాను. ఆ మాట ఎలా వచ్చిందో నాకే తెలియదు. పెద్దాయన పదిహేడు ఆకులు అని లెక్క చెప్పాడు. అబూ నాసర్ అటూ ఇటూ చూశాడు. తిమ్మన్న చీపురు పట్టుకుని ఉన్నాడు. "వీడు తప్ప ఇంకెవరు పారేస్తారు? మన అక్షరం విలువ వీడికేం తెలుసు" అన్నాడు.

తిమ్మన్న ఒక్కసారి నావైపు చూశాడు. నేను తేలు కుట్టిన దొంగలా నిలబడ్డాను. అతను తల దించుకున్నాడు. మర్నాడే సులైబియా లారీ ఎక్కించారు.

పెద్దాయన ఆ రోజు మెట్టు మీద కూలబడి చాలాసేపు మాట్లాడాడు. ఆ పుస్తకం అరబ్బీ కాదట ఆపా. అక్షరాలే అరబ్బీ, భాష వాళ్ళది. "మా భాషకు సొంత అక్షరాలు లేవు. ముగ్గురి ఇళ్ళలో అన్నం తిని పెరిగింది. ఫాదర్లు రోము అక్షరాల్లో రాశారు, కొందరు గ్రీకు అక్షరాల్లో రాశారు, మా తాతలు ఈ అక్షరాల్లో రాశారు" అన్నాడు. నాలుగువందల ఏళ్ళ కింద ఒక ఫాదరు ప్రార్థనలు ఆ భాషలోకి తెచ్చి పుస్తకం వేశాడట. వాళ్ళకు తెలిసిన మొదటి పుస్తకం అదేనట. లోకంలో ఒక్క ప్రతి మిగిలింది. దానికి మొదటి ఆకులు లేవు. "దాని మొదలు పోయింది, మా తాతదాని చివర పోయింది" అన్నాడు. ఆ పదిహేడు ఆకుల్లో పాట ముగింపూ, రాసినాయన పేరూ, ఊరూ, సంవత్సరమూ ఉన్నాయట. ఊళ్ళో ఇంకో ప్రతి ఉండి ఉంటే కాల్చేసి ఉంటారట.

నేను మన ఖురాను అర్థం తెలియకుండానే చదువుతాను. అందుకే అది అరబ్బీ కాదని తెలియలేదని నాకు నేను చెప్పుకుంటాను. కానీ ఆ ఆకుల్లో పే, చే అనే అక్షరాలు కనబడ్డాయి. ఖురానులో అవి ఉండవని నీ దగ్గర చదివే ఆరేళ్ళ పిల్లకు తెలుసు. నేను చూశాను, చూసి కూడా ఆగలేదు. పుణ్యం చేస్తున్నానన్న తొందర.

చెప్పేద్దామని చాలాసార్లు అనుకున్నాను. చెబితే నా ఇఖామా పోతుంది. సులైబియా దూరమని తిమ్మన్నను చూడడానికి కూడా పోలేదు. నిజానికి బస్సులో ముక్కాలు గంట.

ఖాజా


రాయచోటి
9 ఏప్రిల్ 1983

ఖాజాకు,

నీ కుంటిసాకులు చదివాను. అమ్మ పోయాక నిన్ను నడుము మీద మోసి పెంచాను. అడ్డాలనాడు బిడ్డలు గానీ గడ్డాలనాడు కాదంటారు, నిజమే.

దాదీ నోటుబుక్కు గుర్తుందా? పీర్ల పండక్కు పాడే తెలుగు పాటలన్నీ ఉర్దూ అక్షరాల్లో రాసుకునేది. ఆమెకు ఆ అక్షరాలే వచ్చు, పాటలేమో తెలుగువి. 'కాళ్ళకు గజ్జెలు' అని అలిఫ్ బే తో రాసుకున్న మనిషి మనవడివి నువ్వు. ఆ అక్షరాల్లో ఏ భాషయినా ఉండొచ్చని నీకు తెలియకపోతే ఇంకెవరికి తెలుస్తుంది? ఆ నోటుబుక్కు కూడా అబ్బా పాత కాగితాలతో కలిపి దర్గా బావిలో వేసేశారు. ఒక్క పాట మొత్తంగా ఇప్పుడు ఎవరికీ రాదు. ఆ రోజు మూట పట్టుకున్నది నేను. నేనూ పుణ్యమనే అనుకున్నాను. ఈ సంగతి నీకు ఇన్నాళ్ళూ చెప్పలేదు.

ఆకులు పోయాయి, అది పొరపాటు. తిమ్మయ్య పోవడం పొరపాటు కాదు. మే నెల వస్తోంది. ఆ మనిషి దేవుడి కాగితాలు చెత్తలో వేసినవాడిగా ఈ వీధిలోకి రాకూడదు.

రెడ్డెమ్మ రోజూ మా గుమ్మం ముందు నుంచి పోతుంది. "జాబు రాలేదా అక్కా" అంటుంది. పిల్లల ముందు ఖురాను తెరవడానికి నాకు మొగం చెల్లడం లేదు. మూడు రోజులుగా నా బదులు పక్కింటి జుబేదా బీ చేత పాఠం చెప్పిస్తున్నాను.

నువ్వు చెప్పేదాకా నాకు జాబు రాయకు.

ఆపా


షువైఖ్
27 మే 1983

ఆపాకు సలాం.

చెప్పాను. అందుకే రాస్తున్నాను.

ముందు అబూ నాసర్‌కు చెప్పాను. ఉద్యోగం పోతుందనే వెళ్ళాను. ఆయన విని, గడ్డం నిమురుకుని, "నువ్వు ముస్లింవి, మంచి మనసుతో చేశావు, ఖలాస్, ఇక వదిలెయ్" అన్నాడు. అంతే ఆపా. ఒక్క నిమిషం కూడా పట్టలేదు. చెయ్యని తప్పుకు తిమ్మన్న అయిదు నెలలు సిమెంటు మూటలు మోశాడు, చేసిన తప్పుకు నాకు ఖలాస్. తిట్టి ఉంటే బాగుండేది. ఇన్నాళ్ళూ నేను దేనికి భయపడ్డానో అది అసలు లేనే లేదు.

తర్వాత రజబ్ ఉస్తాద్ గదికి పోయాను. కంట్లో పొర వచ్చి ఆయనకు ఇప్పుడు సరిగ్గా కనబడడం లేదు. అంతా చెప్పాను. తెల్లగుడ్డ, రాయి, నమాజు, అన్నీ. ఆయన విని, "మా ఊళ్ళో వాళ్ళు ద్వేషంతో కాల్చారు. నువ్వు భక్తితో ముంచావు. కాగితానికి రెండూ ఒకటే" అన్నాడు. కాళ్ళు పట్టుకోబోతే లాక్కున్నాడు. "ఆ ఊడ్చే మనిషిని నేనూ అనుమానించాను. ముందు అతన్ని తీసుకురా. అంతవరకూ నీతో మాట్లాడను" అన్నాడు.

అబూ నాసర్ దగ్గరికి పెద్దాయనే కర్ర పట్టుకుని నాతో వచ్చాడు. తిమ్మన్నకు ఇఖామా మళ్ళీ కొట్టించారు. నేనే సులైబియా వెళ్ళి తీసుకొచ్చాను. అక్కడివాళ్ళందరి ముందూ, రామాంజులు ముందూ, ఆకులు తీసింది నేను అని చెప్పాను. తిమ్మన్న సగం అయిపోయాడు ఆపా. నడుముకు గుడ్డ బిగించి కట్టుకున్నాడు. బస్సులో నేను ఏడుస్తుంటే, "ఊరుకో అబ్బీ. రాయి తెచ్చిచ్చినోన్ని నేను. పాపంలో సగం నాకూ వస్తాది" అన్నాడు. తర్వాత, "ఊరగాయ ఏమన్నా వచ్చిందా" అని అడిగాడు.

షాపులో అందరి ముందూ పెద్దాయన అతని చెయ్యి పట్టుకుని మాఫ్ చెయ్యమని అడిగాడు. తిమ్మన్నకు అరబ్బీ అర్థం కాక ఆయన చేతిలో చెయ్యి పెట్టి అట్లాగే నిలబడ్డాడు. నేను తెలుగులో చెప్పాను. ఈసారి ఉన్నది ఉన్నట్టే చెప్పాను.

శుక్రవారాలు పెద్దాయన గదికి పోతున్నాను. చిన్నప్పుడు ప్రతి ఏడూ విన్న పాట కదా, ముగింపు కొంత ఆయనకు నోటికి వచ్చు. ఆయన చెబుతుంటే నేను ఆ అక్షరాల్లోనే రాస్తున్నాను, అర్థం తెలియకుండా, శబ్దాన్ని బట్టి. దాదీ రాసుకున్నట్టే. ఆమె సంగతి చెబితే మొదటిసారి నవ్వాడు. పదకొండు ఆకులు నిండాయి. మిగతావి గుర్తుకు రావడం లేదు. ఆరు ఖాళీ ఆకులు తీసేద్దామా అంటే, "వద్దు, తెల్లగానే పెట్టి కుట్టు. లేనిది లేనట్టు కనబడాలి" అన్నాడు. తాత పేరు చెప్పి రాయించాడు. సంవత్సరం ఆయనకు తెలియదు.

రెడ్డెమ్మకు వేరే జాబు పెట్టాను. తిమ్మన్న చెప్పింది ఒక పక్క, నేను చెప్పుకున్నది ఇంకో పక్క. నా గురించి మంచి మాటలేం లేవు. ఒక్క మాట వదలకుండా చదువు.

నీ తమ్ముడు
ఖాజా


రాయచోటి
18 జూన్ 1983

ఖాజాకు ఆపా దువా.

రంజాను రోజాలు మొదలయ్యాయి. పిల్లలు పెందలాడే వస్తున్నారు. మళ్ళీ నేనే చెబుతున్నాను.

నీ జాబు వచ్చిన రోజే రెడ్డెమ్మను పిలిచాను. ఒక్క మాట వదలకుండా చదివాను. తిమ్మయ్య చెప్పింది వింటూ కొంగు నోటికి అడ్డం పెట్టుకుంది. నువ్వు చెప్పుకున్నది వింటూ మటుకు కదలలేదు. అయిపోయాక నేను, "రెడ్డెమ్మా, నేను కూడా నీకొక మాట చెప్పాలి" అని మొదలుపెట్టాను. మార్చిలో వచ్చిన జాబు సంగతి ఎట్లా చెప్పాలో ఎన్నో రోజులుగా కూడబలుక్కున్నాను. ఆమె నన్ను పూర్తి చెయ్యనివ్వలేదు.

ఆమె రవికెలోంచి ఒక కాగితం తీసింది. నాలుగు మడతల దగ్గరా చిరిగిపోయి ఉంది, చెమటకు సిరా అలుక్కుపోయింది. మార్చి జాబే. విప్పి, మొదటి పక్క కాదు, రెండో పక్క పైకి వచ్చేట్టు నా ఒళ్ళో పెట్టింది.

"ఆ పొద్దు నువ్వు కాయితం తిప్పలేదు బషీరక్కా," అంది. "నేను నీ ఎదురుగా కూచోనుంటి. నువ్వు చదివేది నీ పక్క. ఈ పక్క నా మొగానికే గదా ఉండింది. నిండా రాసుండె. నాకు అక్షరాలు రావు గానీ, రాసిందీ రాయనిదీ తెలీదా?"

మూడు నెలలు ఖాజా. మూడు నెలలు రోజూ మా గుమ్మం ముందు ఆగి 'జాబు రాలేదా అక్కా' అని అడిగింది. ఆమె అడిగింది కొత్త జాబు గురించి కాదు.

"మరి ఇంకెవరి చేతన్నా చదివించుకోలేకపోయావా" అన్నాను. నేను అడగాల్సిన మాట అది కాదు, కానీ అదే వచ్చింది.

"ఇంకోరి దెగ్గిర చదివిస్తే నువ్వు అబద్ధం చదివినావని వాళ్ళకు తెల్సిపోతాది గదా," అంది. "ఈదిలో పిల్లోల్లకు చదువు చెప్పేదానివి. ఇప్పుడు చదువక్కా. ఇంటా."

చదివాను. 'బషీరక్కా, ఏమనుకోవద్దు' అన్న చోటికి వచ్చేసరికి నాకు కళ్ళు కనబడలేదు. ఆ మాట ఆమె నోటితో ఆమే చెప్పింది. సిరా అలుక్కుపోయి ఆ వరస నాకే సరిగ్గా కనబడలేదు. ఆమెకెట్లా తెలిసిందో అడగలేదు. మొగుడు ఏమంటాడో పెళ్ళానికి తెలుసు కాబోలు.

ఆపా